పెట్టె తెరిస్తే... మనసు కనిపించింది!

వీడియో కాల్ అన్న మాటే ఎవరూ వినని రోజుల్లో ‘మాయాబజార్’ శశిరేఖ ఓ పెట్టె తెరిచి అభిమన్యుడితో యుగళగీతం పాడేసింది. అలాంటి మాయాయంత్రాలను ప్రపంచవ్యాప్తంగా కథకులు ఎన్నో సృష్టించారు. చిత్రమేంటంటే... యంత్రంతోపాటే ఓ హెచ్చరికనూ అందులో పెట్టారు!

మూత తెరిస్తే చాలు. ఎక్కడో ఉన్న బావ ఎదురుగా ప్రత్యక్షం. మాట కలుపుతాడు, పాట కలుపుతాడు. 1957లో కె.వి.రెడ్డి తీసిన ‘మాయాబజార్’లో ఆ పెట్టె పేరు ప్రియదర్శిని. ‘అచ్చం ల్యాప్‌టాప్‌లాగే ఉందే!’ అని ఈతరం పిల్లలు కూడా ముచ్చటపడే సన్నివేశమది. 2010లో రంగుల్లో విడుదలైనప్పుడూ ఆ పెట్టెకు అవే చప్పట్లు!

కానీ పింగళి నాగేంద్రరావు కలంబలం అంతటితో ఆగలేదు. ప్రియదర్శిని మనం చూడాలనుకున్నవాళ్లను చూపించదు. మనకు ఎవరు ప్రియమో, ఏది ప్రియమో దాన్ని చూపిస్తుంది. అందుకే శశిరేఖకు అభిమన్యుడు కనిపిస్తే, బలరాముడికి ప్రియశిష్యుడు దుర్యోధనుడు కనిపించాడు. రేవతమ్మకైతే నగలూ మణులూ! మరి కృష్ణయ్యకో... శకుని! అందరూ నవ్వుకునే సన్నివేశమే అయినా అసలు సంగతి అందులోనే ఉంది. పెట్టెలోకి మనం చూస్తున్నామనుకుంటాం. నిజానికి అదే మనల్ని చూసి, మన గుట్టు బయటపెడుతోంది. ఒకసారి నగల వీడియో చూస్తే చాలు, వారం రోజులు నగల ప్రకటనలే చూపించే మన ఫోను చేస్తున్నదీ ఆ పనే కదూ!

నిజమే... కానీ సగం!

ఆక్స్‌ఫర్డ్ ఆచార్యుడు టోల్కీన్ 1954-55లో ప్రచురించిన ‘లార్డ్ ఆఫ్ ద రింగ్స్’లో పలాంటీర్లనే మాయగోళాలుంటాయి. ఒక గోళంలోకి చూస్తే దూరాన మరో గోళం దగ్గరున్నవాళ్లతో మనసుతోనే మాట్లాడుకోవచ్చు. అవి అబద్ధం చూపించవు. కానీ ఏది చూపించాలో బలవంతుడైన శత్రువు నిర్ణయించగలడు. నగరాన్ని కాపాడాల్సిన డెనెథార్ ఆ గోళంలో నల్ల తెరచాపల ఓడలు వస్తుండటం చూశాడు. ఇక అంతా అయిపోయిందనుకుని చితి పేర్చుకుని ప్రాణం తీసుకున్నాడు. ఓడలు రావడం నిజమే. అయితే వాటిలో వస్తున్నది శత్రువులు కాదు, సాయం చేయడానికి వస్తున్న అరగార్న్! ముందూ వెనకా లేని వీడియో ముక్క చూసి కంగారుపడే మనకు ఈ కథ కొత్తగా అనిపించదు. అన్నట్టు, 2003లో అమెరికాలో పుట్టిన ఓ డేటా విశ్లేషణ సంస్థ ఈ గోళం పేరునే పెట్టుకుంది!

బదులిచ్చే డైరీ

హ్యారీపోటర్ రెండో పుస్తకం 1998లో వచ్చింది. అందులో పదకొండేళ్ల జిన్నీకి ఓ పాత డైరీ దొరుకుతుంది. రాసింది మాయమై, జవాబు ప్రత్యక్షమవుతుంది. ఎంత ఓపిగ్గా వింటుందో! ఇంట్లో చెప్పుకోలేనివన్నీ దానికే చెప్పుకుంటుంది ఆ పిల్ల. ఆ రహస్యాలే దానికి బలమై, చివరికి ఆమె ప్రాణాల మీదకొస్తుంది. ఆలోచించే వస్తువు కనిపిస్తే దాని బుర్ర ఎక్కడుందో తెలియకుండా నమ్మకూడదని తండ్రి తర్వాత మందలిస్తాడు. కృత్రిమ మేధతో పిల్లలు కబుర్లు చెబుతున్న ఈ రోజుల్లో ప్రతి ఇంట్లోనూ చెప్పుకోవాల్సిన మాటే!

నవ్వించే యంత్రమూ ఉంది. టెర్రీ ప్రాచెట్ ‘డిస్క్‌వరల్డ్’ నవలల్లో మాంత్రికుల విశ్వవిద్యాలయంలోని హెక్స్ అనే కంప్యూటర్‌లో లెక్కలు చేసేది గాజుగొట్టాల్లో తిరిగే చీమలు! దానికో మెత్తటి టెడ్డీబేర్ కూడా ఉంటుంది. తీసేస్తే పనిచేయనని మొరాయిస్తుంది. కొత్త భాగాలు వాటంతటవే పుట్టుకొస్తుంటే అదెలా పనిచేస్తోందో తయారుచేసినవాళ్లకే పూర్తిగా అంతుబట్టదు.

మాయా శశిరేఖ వస్తోంది!

మళ్లీ మన ‘మాయాబజార్’కే వద్దాం. వీడియో కాల్ ఉన్న ఆ సినిమాలోనే ‘డీప్‌ఫేక్’ కూడా ఉంది. శశిరేఖ రూపం, శశిరేఖ గొంతు... లోపలున్నది మాత్రం ఘటోత్కచుడు! కన్నవాళ్లే పోల్చుకోలేకపోయారు. పెళ్లిపీటల మీద పాపం లక్ష్మణకుమారుడి అవస్థ చూసి మనం పొట్టచెక్కలయ్యేలా నవ్వుకున్నాం.

ఇప్పుడది నవ్వులాట కాదు. వీడియో కాల్‌లో పోలీసు దుస్తులతో ప్రత్యక్షమై ‘డిజిటల్ అరెస్టు’ చేశామంటూ పెద్దవాళ్ల కష్టార్జితం ఊడ్చేస్తున్నారు మోసగాళ్లు. మన చట్టంలో అసలు అలాంటి అరెస్టే లేదు. కొడుకు గొంతును అనుకరించి ‘నాన్నా, అర్జంటుగా డబ్బు పంపు’ అనే యంత్రాలూ వచ్చేశాయి.

సినిమాలోనైతే సత్యపీఠం ఉంది. ఎక్కగానే శకునిలాంటివాడే నిజం కక్కేశాడు. మన ఫోన్లో ఆ సౌకర్యం లేదు. అందుకే ఆ ఫోన్ పెట్టేసి, అబ్బాయి అసలు నంబరుకు మనమే చేసి కనుక్కోవాలి. డబ్బు పోతే వెంటనే 1930కి ఫిర్యాదు చేయాలి. ఇంట్లోవాళ్లకు మాత్రమే తెలిసిన ప్రశ్న ఒకటి ముందే అనుకుని ఉంచుకోవడం ఇంకా మేలు. చిన్నప్పటి ముద్దుపేరైనా సరే... అదే మన ఇంటి సత్యపీఠం!