మీకు తెలుసా? ఒకే తగాదా, రెండు దావాలు

ఉప్పల్‌లోని ఇంటి స్థలంపైనో, నాచారం పారిశ్రామికవాడలోని షెడ్డుపైనో అవే పక్షాల మధ్య, ప్రధానంగా అదే వివాదాంశంతో రెండు సివిల్ దావాలు దాఖలైతే, 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ 10వ సెక్షన్ ప్రకారం, మొదటి కోర్టుకు ఆ ఉపశమనం ఇవ్వగల అధికారం ఉన్నప్పుడు, తరువాతి దావా విచారణ నిలిచిపోవాలి. దీనినే ‘రెస్ సబ్ జుడిస్’, అనగా న్యాయస్థానం పరిశీలనలో ఉన్న విషయం, అంటారు. అయితే ఆగేది విచారణే తప్ప దావా కొట్టివేతకు గురికాదు. ఇంజంక్షన్, రిసీవర్ నియామకం వంటి మధ్యంతర ఉత్తర్వులకు ఈ సెక్షన్ అడ్డు కాదని 1998లో ఇండియన్ బ్యాంక్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. లేకుంటే విచారణ ఆగిన వ్యవధిలోనే స్థలం చేతులు మారిపోయే ప్రమాదముంది.

తుది తీర్పు వెలువడ్డాక అదే అంశాన్ని మళ్లీ లేవనెత్తకుండా 11వ సెక్షన్ (‘రెస్ జుడికేటా’) నిరోధిస్తుంది. 2022 జూన్‌లో మేడ్చల్–మల్కాజిగిరి ప్రత్యేక న్యాయజిల్లా అయ్యేవరకు ఉప్పల్, నాచారం ప్రాంతం రంగారెడ్డి న్యాయజిల్లాలో ఉండేది. అయితే దావాలు ఏ జిల్లా కోర్టులో ఉన్నా, 10వ సెక్షన్ కింద ముందు దాఖలైన దావాకే ప్రాధాన్యం. ప్రవాస కుటుంబాలు ప్రత్యేకంగా గమనించదగిన మినహాయింపు ఒకటుంది: విదేశీ కోర్టులో దావా నడుస్తున్నదన్న కారణంతో ఇక్కడి దావా విచారణకు 10వ సెక్షన్ అడ్డు రాదు.