వానను చూసి భయపడే లోయ

వానలు పడకపోతే మన పల్లెల్లో ఏం చేస్తారో మీకు తెలుసు. రోకలికి కప్పను కట్టి ఇంటింటికీ తిప్పి నీళ్ళు పోయిస్తారు. కొండ మీది బండపై వరదపాయసం పోస్తారు. ఇన్ని చేసినా ఒక్కొక్క ఏడు వరుణుడు కరుణించడు. అటువంటి మనకు, వాన రాకుండా ఉంటే చాలునని కోరుకునే జనం ఉన్నారంటే వింతగానే ఉంటుంది.

వాళ్ళుండే చోటు పేరు స్పితి. హిమాచల్ ప్రదేశ్‌లో, టిబెట్టు సరిహద్దును ఆనుకుని ఉన్న లోయ ఇది. స్పితి అంటే "నడిమి దేశం" అని అర్థం. ఇటు మన దేశానికీ అటు టిబెట్టుకూ నడుమ ఉన్నది కనుక ఆ పేరు వచ్చిందంటారు. లోయలో పెద్ద ఊరు కాజా. పేరు విని నోరు ఊరించుకోకండి, తాపేశ్వరం కాజాకూ దీనికీ ఏ సంబంధమూ లేదు! కాజా ఎత్తు సుమారు 12 వేల అడుగులు. తిరుమల వంటి కొండలు మూడు ఒకదాని మీద ఒకటి నిలబెట్టినా అంత ఎత్తు కావు. మనాలీ నుంచి వెళ్ళే దారి దాదాపు 15 వేల అడుగుల ఎత్తున కుంజుం కనుమ దాటాలి. చలికాలంలో అది మంచుతో మూసుకుపోతుంది. అప్పుడు సట్లెజ్ నది వెంట కిన్నౌరు మీదుగా వచ్చే రెండో దారే గతి.

ఇంత ఎత్తున ఉన్నా అది ఎడారే. ఎడారి అనగానే ఇసుక, ఎండ, ఒంటెలు గుర్తుకు వస్తాయి గాని, చలి ఎడారులు కూడా ఉన్నాయి. నైరుతి మేఘాలు హిమాలయాల దాకా వచ్చి, దక్షిణపు కొండలు ఎక్కుతూ ఎక్కుతూ చల్లబడి, తమలోని నీటినంతా కులూ, మనాలీ వైపే కుమ్మరించేస్తాయి. కొండ దాటి స్పితికి వచ్చేసరికి అవి ఖాళీ కుండలు. మన అనంతపురానికి పడమటి కనుమలు చేసే అన్యాయమే, స్పితికి ఆ కొండలు మరింత గట్టిగా చేస్తాయి.

వాన లేదు కనుక స్పితి జనం మట్టితో ఇళ్ళు కట్టుకున్నారు. మట్టి ఇటుకల గోడలు, పైన కర్రలూ కంపా పరిచి మట్టి మెత్తిన చదునైన మిద్దె. మిద్దె అంచుల మీద చలికాలానికి కావలసిన కట్టెలూ పశువుల మేతా పేర్చి ఉంచుతారు. మంచు పడితే చెక్క పారలతో తోసేస్తారు. మంచు పొడిగా ఉంటుంది, తోస్తే పోతుంది. వాన అలా కాదు. రెండు రోజులు విడవకుండా కురిస్తే మిద్దె నానిపోయి ఇల్లంతా కారుతుంది.

ఈ మట్టి ఎంతకాలం నిలుస్తుందో తెలుసుకోవాలంటే తాబో వెళ్ళాలి. అక్కడి బౌద్ధ విహారాన్ని 996లో గూగే దేశపు రాజు యేషే ఓద్ కట్టించాడు. ఆయన కాలంలోనే రించెన్ జాంగ్‌పో అనే పండితుడు కాశ్మీరు వెళ్ళి చదువుకుని, సంస్కృత గ్రంథాలను టిబెట్టు భాషలోకి అనువదించాడు. బయట నుంచి చూస్తే తాబో విహారం పెద్ద గడ్డివాముల గుంపులా ఉంటుంది, అందమేమీ కనబడదు. లోపల అడుగు పెడితే చీకటి. దీపం ఎత్తి చూస్తే గోడల నిండా రంగుల బొమ్మలు! గోడకు ఆనించి, మనిషంత ఎత్తున మట్టితో చేసిన దేవతా విగ్రహాలు ముప్పైకి పైగా కూర్చుని ఉంటాయి. వెయ్యేళ్ళుగా అవి అలాగే ఉన్నాయి. రాజరాజ నరేంద్రుడు రాజమహేంద్రవరంలో సింహాసనం ఎక్కకముందే ఆ గోడలు లేచాయి. మనవైపు మట్టిగోడ నాలుగు వానలకే కరుగుతుంది కదా!

తాబోకు వెయ్యేళ్ళు నిండిన 1996లో దలైలామా అక్కడ కాలచక్ర దీక్ష ఇచ్చారు. ఆ కాలచక్రాన్ని బుద్ధుడు మొట్టమొదట బోధించినది మన ధాన్యకటకంలో, అంటే అమరావతిలో, అని టిబెట్టు బౌద్ధుల నమ్మకం. అందుకే 2006లో వాళ్ళు అమరావతికి కూడా తరలివచ్చారు.

తాబో నుంచి కొంత దూరం పోతే గ్యూ అనే చిన్న పల్లె వస్తుంది. 1975 జనవరిలో వచ్చిన పెద్ద భూకంపంలో అక్కడి పాత సమాధి ఒకటి బద్దలయింది. తరువాత చూస్తే, అందులో ఒక సన్యాసి మోకాళ్ళు ముడుచుకుని కూర్చున్నట్టే ఉన్నాడు. ఆయన పోయి సుమారు 500 ఏళ్ళయింది. అయినా చర్మమూ పళ్ళూ తలవెంట్రుకలూ చెక్కు చెదరలేదు. ఈజిప్టులో లాగా మందులు పూసి ఉంచిన శరీరం కాదది. చలీ, పొడిగాలీ కాపాడాయి. ఊరివాళ్ళు మాత్రం ఇంకో కథ చెబుతారు. ఒకప్పుడు గ్యూలో తేళ్ళు విపరీతంగా పెరిగిపోయాయట. ఊరిని కాపాడటానికి ఈ సన్యాసి తపస్సులో కూర్చుని ప్రాణం విడిచాడట. ఆయన ప్రాణం పోగానే ఆకాశంలో ఇంద్రధనుస్సు కనిపించిందట, తేళ్ళన్నీ మాయమయ్యాయట. ఇప్పుడాయన గాజు పెట్టెలో కూర్చుని ఉన్నాడు, ఊరివాళ్ళు దణ్ణం పెట్టుకుంటారు.

అయిదు వందల ఏళ్ళూ వెయ్యేళ్ళూ స్పితిలో పెద్ద లెక్క కాదు. కాజా పైన, 14 వేల అడుగులకు మించిన ఎత్తున లాంగ్జా అనే ఊరున్నది. చెట్టూ చేమా లేకపోవడంతో అక్కడి కొండల రాతిపొరలన్నీ బయటికే కనబడుతుంటాయి, పూతరేకులు దొంతర పేర్చినట్టు. ఆ పొరల్లో నల్లటి గుండ్రాళ్ళు దొరుకుతాయి. పగిలిన రాయిలో నత్తగుల్లలా చుట్టలు చుట్టుకున్న గవ్వ అచ్చు ఉంటుంది. అవి అమ్మోనైట్లు, సముద్రంలో ఈదిన జంతువులు. ఇప్పటి ఆక్టోపస్‌కు చుట్టాలు. 15 కోట్ల ఏళ్ళ క్రితం ఇక్కడ టెథిస్ అనే సముద్రముండేది. దక్షిణం నుంచి మన దేశపు నేల జరిగి జరిగి వచ్చి ఆసియాను ఢీకొంటే, సముద్రపు అడుగు ముడతలు పడి ఆకాశానికి లేచింది. అదే హిమాలయం.

ఈ నల్లరాతి పొర హిమాలయాల వెంట నేపాలు దాకా సాగింది. మీ ఇంటి పూజామందిరంలో గండకీ నది నుంచి వచ్చిన సాలగ్రామం ఉంటే, అమ్మనడిగి ఒకసారి చూడండి. అందులో చక్రం కనిపిస్తే అదీ ఆ సముద్రపు ప్రాణిదే. 1864లో స్టోలిచ్కా అనే శాస్త్రజ్ఞుడు స్పితికి వచ్చి ఈ రాళ్ళను పరిశీలించాడు. కొండలంటే ఆయనకు ప్రాణం. చివరికి 1874లో, 36 ఏళ్ళ వయసులో, లడఖ్ కొండల్లోనే ఎత్తు పడక చనిపోయాడు. ఇప్పుడు యాత్రికులు ఈ రాళ్ళను కొని సంచుల్లో వేసుకుపోతున్నారు. ఇది మంచి పని కాదు. పొలంలో పంటయితే మళ్ళీ పండుతుంది.

వాన లేని చోట పంట ఎలాగంటారా? మంచే వాళ్ళ చెరువు. చలికాలమంతా కొండల మీద పేరుకున్న మంచు వేసవిలో కరుగుతుంది. ఆ నీటిని కొండ అంచుల వెంట సన్నటి కాలువలు తవ్వి, కొన్నిచోట్ల మైళ్ళ దూరం, పొలాలకు తెస్తారు. వీటిని "కూల్" అంటారు. రాత్రి నీటిని గుంటలో నిలవచేసి పగలు వదులుతారు. బార్లీ, బఠాణీ పండిస్తారు, ఏడాదికి ఒక్క పంటే. ఏ ఇంటికి ఎంత నీరన్నది తాతల నాటి లెక్క. పొలం ముక్కలు కాకూడదని పెద్దకొడుక్కే ఇచ్చేవారు, చిన్నకొడుకులు విహారాల్లో సన్యాసులయ్యేవారు. ఆ ఆచారం వెనుక ఉన్నది భక్తి ఒక్కటే కాదు, నీటి కొరత కూడా.

లాంగ్జా ఎదురుగా 20 వేల అడుగులు మించిన చౌ చౌ కాంగ్ నిల్డా శిఖరం ఉన్నది. దాని మీద ఒక అప్సరస ఉంటుందట. పూర్వం ల్హుండుప్ అనే సోమరి ఒకడు పనీపాటా మాని, కొండకేసి చూస్తూ వీణవంటి వాద్యం వాయించుకునేవాడు. అప్సరస ఆ పాటకు మెచ్చి దిగివచ్చింది. "నా సంగతి ఎవరికీ చెప్పకు" అన్నది. ఒకనాడు తాగిన మైకంలో, పెళ్ళాంతో పోట్లాడుతూ నోరు జారాడు. మళ్ళీ అప్సరస కనిపించలేదు.

ఇప్పుడు ఊరివాళ్ళు ఆ శిఖరం వంక చూసేది అప్సరస కోసం కాదు, మంచు కోసం. కొన్ని ఏళ్ళు మంచు సరిగా పడటం లేదు. అప్పుడు కూల్‌లో నీరు చాలక కొన్ని మడులు విత్తకుండా వదిలేస్తారు. మరొకవైపు వేసవిలో, ఎన్నడూ లేని జడివానలు కురుస్తున్నాయి. మంచు మెల్లగా కరిగి పొలానికి వస్తుంది. జడివాన వచ్చీరాగానే కొండచరియను, కాలువను, మిద్దెను కలిపి ఊడ్చుకుపోతుంది.

తాబోలో మిద్దె నుంచి కారిన నీరు రంగుల బొమ్మల మీదుగా మట్టిచారలు గీసింది. పురావస్తు శాఖవారు ఆ విహారాన్ని కాపాడుతున్నారు. వెయ్యేళ్ళ నాటి మిద్దె మీద కొత్తమట్టి ఎంత మందాన మెత్తాలన్నది ఇప్పుడు పెద్ద ప్రశ్నయింది. పలచగా మెత్తితే నీరు దిగుతుంది. మందంగా మెత్తితే ఆ బరువుకు పాత దూలాలు వంగిపోతాయి.