పాలకొల్లు పిల్లాడు, జాజ్ పందిరి

మా అబ్బాయి ఏడో తరగతి. ఈ వేసవి సెలవుల్లో కీబోర్డు నేర్చుకుంటానని ఒకటే గొడవ. "సినిమా పాటలు వాయించుకోడానికేగా! చక్కగా వయొలిన్ నేర్చుకోరాదూ?" అన్నాన్నేను. హాల్లో చిక్కుడుకాయలు ఈనెలు తీస్తున్న మా అత్తయ్యగారు అందుకుని, "మన పాలకొల్లు పిల్లాడు మాండలిన్ మీద త్యాగరాజ కీర్తనలు వాయించలేదుటమ్మా?" అన్నారు. ఇక నాకు నోరు పెగల్లేదు.

ఆవిడ అన్నది మాండలిన్ శ్రీనివాస్ గారి గురించి. ఇంటిపేరు ఉప్పలపు. 1969 ఫిబ్రవరి 28న పాలకొల్లులో పుట్టారు. మా తాడేపల్లిగూడెం నుంచి భీమవరం మీదుగా ఎంత దూరం గనుక!

మాండలిన్ అంటే అప్పటికి మనవాళ్ళ లెక్కలో సినిమా పాటల మధ్యలో వినబడే వాయిద్యం. ఇటలీలో పుట్టిన సరుకు. రెండేసి తీగలు కలిపి నాలుగు జతలుంటాయి. మీటగానే ఖంగుమని మోగి అంతలోనే ఆగిపోతుంది. వీణ మీద అయితే తీగని లాగి స్వరాన్ని ఊపుతారు, అదే గమకం. మాండలిన్ మీద అది కుదిరే పని కాదనుకునేవారు. గమకం లేని కర్ణాటక సంగీతం పోపు పెట్టని చారు లాంటిది కదండీ.

శ్రీనివాస్ గారి నాన్నగారు సత్యనారాయణ గారికి మాండలిన్ వచ్చు. ఇంట్లో ఉన్న ఆ మాండలిన్‌ని పిల్లాడు ఐదేళ్ళప్పుడే చేతిలోకి తీసుకున్నాడు. మనమైతే "పగలగొడతావ్, అక్కడ పెట్టు" అని కసిరేవాళ్ళం. ఆయన మాత్రం కొడుక్కి కొత్తది కొనిచ్చి, తనే నేర్పడం మొదలుపెట్టారు. గిటార్ వాసూరావు గారు పాశ్చాత్య సంగీతం కొంత రుచి చూపించారు. ఆ తర్వాత నాన్నగారి గురువైన రుద్రరాజు సుబ్బరాజు గారు పిల్లాణ్ణి శిష్యుడిగా తీసుకున్నారు. ఆయన చెంబై వైద్యనాథ భాగవతార్ గారి శిష్యులు.

ఇక్కడే అసలు విశేషం. సుబ్బరాజు గారికి మాండలిన్ వాయించడం రాదు! ఆయన కీర్తన పాడేవారు, పిల్లాడు దాన్ని తీగల మీద వెతుక్కునేవాడు. ఏ వేలు ఎక్కడ పెట్టాలో చెప్పేవాళ్ళు లేరు, "ఇది దీనిమీద పలకదురా" అని ఆపేవాళ్ళూ లేరు. గురువుగారి గొంతులో ఎలా వస్తే అలా తన తీగ మీదా రావాలి, అంతే. నా మటుకు నాకు ఆయనకి మాండలిన్ రాకపోవడమే మంచిదైందనిపిస్తుంది.

మా పుట్టిల్లు ఏలూరు. అక్కణ్ణుంచి కొల్లేరు దాటి కైకలూరు మీదుగా గుడివాడ వెళ్ళొచ్చు. ఆ గుడివాడలోనే, 1978లో, త్యాగరాజ ఆరాధనోత్సవాల్లో శ్రీనివాస్ గారి తొలి కచేరీ. అప్పటికి తొమ్మిదేళ్ళు! తర్వాత కుటుంబమంతా మద్రాసు చేరింది. 1981 డిసెంబరు సంగీతోత్సవాల్లో అక్కడా వాయించారు. కరెంటు మాండలిన్‌తో కర్ణాటక సంగీతమేమిటని పెదవి విరిచినవాళ్ళు లేకపోలేదు. మరి ఆయన ఏం చేశారంటే, జంట తీగలు తీసేసి ఒంటి తీగలు పెట్టించారు, ఐదో తీగ చేర్చారు. కరెంటు పుణ్యమా అని మీటిన స్వరం ఇంకాసేపు నిలబడేది. ఆ కాస్త వ్యవధిలోనే గమకం పలికించేసేవారు.

1983లో, పధ్నాలుగేళ్ళ వయసులో, జర్మనీలో బెర్లిన్ జాజ్ ఉత్సవానికి వెళ్ళారు. జాజ్ అంటే అమెరికాలో నల్లజాతి సంగీతకారుల దగ్గర పుట్టిన సంగీతం. న్యూ ఆర్లియన్స్ దానికి పుట్టిల్లు లాంటిది. ట్రంపెట్, క్లారినెట్, సాక్సోఫోన్ ఎక్కువ. ఒక పాట ఎత్తుకుని, దాని చుట్టూ అప్పటికప్పుడు తోచింది అల్లుకుంటూ పోతారు. మన కల్పనస్వరాలకీ దానికీ చుట్టరికం ఉన్నట్టు లేదూ? అందుకేనేమో, త్యాగరాజస్వామి పేరైనా తెలియని ఆ శ్రోతలు మన పిల్లాణ్ణి నెత్తిన పెట్టుకున్నారు.

తర్వాతి రోజుల్లో జాజ్ గిటారిస్టు జాన్ మెక్‌లాగ్లిన్, తబలా జాకిర్ హుస్సేన్ గార్లతో కలిసి 'రిమెంబర్ శక్తి' బృందంలో దేశాలు తిరిగారు. 1998లో పద్మశ్రీ వచ్చింది. తమ్ముడు రాజేష్ గారినీ మాండలిన్ విద్వాంసుణ్ణి చేశారు. ఎంతమందితో కలిసి వాయించినా కర్ణాటక కచేరీలు మాత్రం వదల్లేదు.

నా పెళ్ళికి ముందు ఏలూరులో మా నాన్న పొద్దున్నే ఆయన కేసెట్ పెట్టేవారు. అమ్మ డికాక్షన్ వేసేసరికి ఒక వైపు అయిపోయేది. అది తిప్పి పెట్టడం నా డ్యూటీ!

2014లో కాలేయం దెబ్బతిని, మార్పిడి ఆపరేషన్ అయినా దక్కలేదు. సెప్టెంబరు 19న చెన్నైలో పోయారు. నలభై అయిదేళ్ళు. ఇప్పుడు నా వయసూ అటూ ఇటూగా అంతే.

కీబోర్డు కొన్నాం లెండి. సోమవారం మాస్టారి దగ్గర చేర్పించాం. మావాడు గంటలో మొహం మాడ్చుకుని వచ్చాడు. "అమ్మా, కీబోర్డు ముట్టుకోనివ్వలేదు. ముందు సరళీ స్వరాలు నోటితో పాడమన్నారు" అని ఫిర్యాదు. అత్తయ్యగారు చిక్కుడుకాయల పళ్ళెం పక్కన పెట్టి, "ఏదీ, పాడు నాయనా" అన్నారు.