వార్తల్లో పదం: వాయిదాల డిక్రీ

రాయపురంలో చేపల వ్యాపారానికి తెచ్చిన బ్యాంకు అప్పు మొండిబాకీ అయిందనుకుందాం. బాకీ 20 లక్షల రూపాయల లోపుంటే దావా సివిల్ కోర్టుకు వెళ్తుంది; 20 లక్షలు, ఆపైన అయితే రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌కు. సివిల్ కోర్టు డిక్రీ (బాకీ కట్టాలన్న తీర్పు ఆదేశం) ఇస్తూనే, తగిన కారణం రాసి, సొమ్ము వాయిదాల్లో కట్టమనొచ్చు; అదే వాయిదాల డిక్రీ. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ 20వ ఆర్డరు, 11వ రూలు ఇచ్చిన అధికారమిది. తాకట్టు డిక్రీలకు ఇది వర్తించదు.

చాలామంది నష్టపోయేది ఒక్కచోటే: సమన్లు అందినా కోర్టు గడప తొక్కరు. డిక్రీ పడ్డాక అడగాలంటే గడువు 30 రోజులే, పైగా బ్యాంకు ఒప్పుకోవాలి. కాబట్టి దావా నడుస్తుండగానే ఆదాయం లెక్కలు చూపి అడగడం మేలు. ఇక జైలు భయానికి వస్తే, కట్టే స్తోమత లేదన్న ఒక్క కారణంతో బాకీదారును జైలుకు పంపకూడదని 1980లో బ్యాంక్ ఆఫ్ కొచ్చిన్ బాకీ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. స్తోమతుండీ దురుద్దేశంతో ఎగ్గొట్టేవారికి ఆ రక్షణ లేదు.