గేట్లు ఎత్తేది ఒకరు, నాట్లు వేసేది ఇంకొకరు: రెండంచెల నిర్ణయాల లెక్క

ఈ ఎపిసోడ్‌లో ఒక లెక్కల టాపిక్ మాట్లాడుకుందాం. పేరు బైలెవెల్ ఆప్టిమైజేషన్. పేరు విని వీడియో ఆపేయకండి, ప్లీజ్. మన కృష్ణా డెల్టాలో ప్రతి ఏడాదీ సార్వా కోతలయ్యాక ఊరూరా నడిచే చర్చే ఇది. "దాళ్వాకి నీళ్లిస్తారా, ఇవ్వరా? వరి వేద్దామా, మినుములు చల్లేద్దామా?" ఈ రెండు ప్రశ్నలు కలిపితే మన టాపిక్ వచ్చేసినట్టే.

ముందు మామూలు ఆప్టిమైజేషన్ అంటే ఏంటో చూద్దాం. బెంజ్ సర్కిల్ నుంచి ఆటోనగర్ వెళ్లాలి, ఫోన్‌లో మ్యాప్ తీశారు. ఉన్న దారుల్లో తక్కువ టైమ్ పట్టేది ఏదో అది చూపిస్తుంది. అక్కడ నిర్ణయం ఒక్కరిదే. దారి మీరు ఎంచుకున్నారు, బండి కూడా మీరే నడుపుతారు.

రెండంచెల లెక్కలో అలా కాదు. పైన ఒకరు ఉంటారు, వాళ్లని లీడర్ అందాం. కింద ఇంకొకరు, ఫాలోవర్. లీడర్ ముందు నిర్ణయం తీసుకుంటాడు. ఫాలోవర్ దాన్ని చూసి, తనకి ఏది లాభమో అది చేసుకుంటాడు. లీడర్‌కి వచ్చే ఫలితం మాత్రం ఇద్దరి నిర్ణయాల మీదా ఆధారపడి ఉంటుంది. అంటే లీడర్ "నాకు ఏది మంచిది" అని అడిగితే సరిపోదు. "నేను ఇది చేస్తే వాళ్లు ఏం చేస్తారు, వాళ్లు అది చేశాక నాకు ఏం మిగులుతుంది" అని అడగాలి. ఒక లెక్క కడుపులో ఇంకో లెక్క ఉందన్నమాట.

ఇప్పుడు మన బ్యారేజీ దగ్గరికి వద్దాం.

కృష్ణ మీద విజయవాడలో మొదటి ఆనకట్ట 1855లో పూర్తయింది. 1952లో అది తెగింది. తర్వాత కట్టిందే ఇప్పుడు మనం చూసే ప్రకాశం బ్యారేజీ, 1957లో పూర్తయింది. దీని కింద ఆయకట్టు సుమారు 13 లక్షల ఎకరాలు. మరి బ్యారేజీ దగ్గర నిలబడే నీళ్లెన్ని? దాదాపు 3 టీఎంసీలు. టీఎంసీ అంటే 100 కోట్ల ఘనపుటడుగులు. బచావత్ ట్రిబ్యునల్ ఒక ఏడాదికి కృష్ణా డెల్టాకి కేటాయించినవి 181.2 టీఎంసీలు. దాని పక్కన 3 ఎంత? అంటే బ్యారేజీ పని నీళ్లు దాచడం కాదు, వచ్చిన నీళ్లని కాలువలకి మళ్లించడం. అసలు నీళ్లు పైనుంచి రావాలి. నాగార్జునసాగర్ నుంచి, 45.77 టీఎంసీల పులిచింతల నుంచి. 2015 నుంచి పట్టిసీమ ద్వారా గోదావరి నీళ్లు కూడా వచ్చి కలుస్తున్నాయి.

కాబట్టి పైన ప్రభుత్వం, నీటిపారుదల సలహా మండలి కూర్చుని, ఉన్న నీళ్లు చూసుకుని, ఏ పంటకి ఎన్నాళ్లు వదలాలో తేల్చాలి. కింద బందరు కాలువ, ఏలూరు కాలువ, రైవస్ కాలువ, కొమ్మమూరు కాలువ కింద లక్షల మంది రైతులు ఆ మాట విని ఏం వెయ్యాలో తేల్చుకోవాలి. గేట్లు ప్రభుత్వం చేతిలో ఉన్నాయి, విత్తనం రైతు చేతిలో ఉంది.

సరే, స్క్రీన్ మీద ఒక చిన్న లెక్క వేస్తున్నా. అంకెలన్నీ నేను సులువు కోసం అనుకున్నవే, అసలు లెక్కలు కావు.

ఒక కాలువ. ఎగువన 50 ఎకరాలు, శివారున 50 ఎకరాలు. ఎకరం వరికి 5 యూనిట్ల నీళ్లు కావాలి. మినుములకి 1 యూనిట్ చాలు. మన డెల్టాలో వరి కోయడానికి రెండు మూడు రోజుల ముందే చేలో మినుములు చల్లేస్తారు కదా, మాగాణిలో మిగిలిన తేమతోనే చాలావరకు పండుతాయి. లాభం ఎకరానికి వరికి 20 వేలు, మినుములకి 15 వేలు. వరి వేసి నీళ్లందక ఎండిపోతే పెట్టుబడి 15 వేలు పోయినట్టే. మన దగ్గరున్న నీళ్లు మొత్తం 300 యూనిట్లు.

ఇప్పుడు లీడర్ ఆఫీసులో కూర్చుని లెక్క వేశాడు. ఎగువన వరి, 250 యూనిట్లు. శివారున మినుములు, 50 యూనిట్లు. మొత్తం 300, సరిగ్గా సరిపోయింది. లాభం ఎగువన 10 లక్షలు, శివారున ఏడున్నర లక్షలు, కలిపి పదిహేడున్నర లక్షలు. ఉన్న నీళ్లతో ఇంతకంటే ఎక్కువ రాదు. "బ్రహ్మాండం, దాళ్వాకి నీళ్లిస్తున్నాం" అని ప్రకటించేశాడు.

శివారు రైతు ఏం చేస్తాడు? "నీళ్లొస్తున్నాయంట" అని విన్నాడు. వరికి 20, మినుములకి 15. వరే వేశాడు. తప్పు పడతారా? మీరైనా అదే చేస్తారు. ఇప్పుడు 100 ఎకరాల వరికి 500 యూనిట్లు కావాలి, ఉన్నవి 300. నీళ్లు ముందు ఎవరికి తగులుతాయి? ఎగువ వాళ్లకి. వాళ్లు 250 వాడేసుకున్నారు. శివారుకి వచ్చినవి 50, అంటే ఎకరానికి ఐదు కావాల్సిన చోట ఒకటి. పైరు ఎండిపోయింది. ఎగువన 10 లక్షల లాభం, శివారున ఏడున్నర లక్షల నష్టం. నికరంగా మిగిలింది రెండున్నర లక్షలు.

అవే నీళ్లు, అవే పొలాలు. పదిహేడున్నర లక్షలు రావాల్సింది రెండున్నర వచ్చింది. ఎందుకంటే లీడర్ రైతు చేతిలో ఉన్న విత్తనం కూడా తన చేతిలోనే ఉందనుకుని లెక్క వేశాడు. బైలెవెల్ లెక్క మొదటి పాఠం ఇదే.

మరి ఏం చెయ్యొచ్చు? మూడు దారులు చూద్దాం.

ఒకటి, "ఎవరికీ వరికి నీళ్లు లేవు, ఒక్క తడే ఇస్తాం" అనడం. అందరూ మినుములే చల్లుతారు. మొత్తం లాభం 15 లక్షలు. ఎవరూ మునగరు, కానీ 200 యూనిట్లు వాడకుండా మిగిలిపోతాయి.

రెండు, ఏ లాకు వరకు వరికి నీళ్లు, ఏ లాకు దాటాక ఒక్క తడి అని ముందే స్పష్టంగా చెప్పడం. శివారు రైతు ఇప్పుడు వేరే లెక్క వేస్తాడు. వరి వేస్తే 15 వేలు నష్టం, మినుములు వేస్తే 15 వేలు లాభం. తనంతట తానే మినుములు చల్లుతాడు. పదిహేడున్నర లక్షలూ వస్తాయి. కానీ ఒక షరతు ఉంది. రైతు ఆ మాట నమ్మాలి. నాట్లు పడ్డాక, పైరు ఎండుతోందని ఒత్తిడి వచ్చాక, "సరే, ఇంకో తడి ఇస్తాం" అని ఒక్క ఏడాది మెత్తబడ్డారనుకోండి. వచ్చే ఏడాది ప్రకటనని ఎవరూ లెక్కచెయ్యరు. "అలాగే అంటారులే, చివర్లో ఇస్తారు" అని వరే వేస్తారు. ఎండుతున్న పైరు చూసి నీళ్లివ్వకుండా ఉండటం ఎవరికైనా కష్టమే. అందుకే మాట విత్తనం కొనకముందు రావాలి, నిలబడాలి. దీన్నే ఈ సబ్జెక్టులో కమిట్‌మెంట్ అంటారు. ఇంకో మాట, ప్రతి ఏడూ ఎగువకే వరి అంటే నాగాయలంక, కోడూరు లాంటి చివరి ఊళ్ల వాళ్లు ఊరుకుంటారా? ఏడాది వాళ్లకి, ఏడాది వీళ్లకి అని వంతు వెయ్యడం కూడా ఒక పరిష్కారమే. మొత్తం లాభం మారదు, న్యాయం మారుతుంది.

మూడు, ధర. శివారున మినుములు వేస్తే ఎకరానికి బోనస్ ఇస్తామనడం. ఎంత ఇవ్వాలి? తేడా 5 వేలు. 4,999 ఇస్తే, నీళ్లొస్తాయని నమ్మే రైతు ఇంకా వరి వైపే. 5,001 ఇస్తే అందరూ మినుముల వైపు. సరిగ్గా 5,000 ఇస్తే? రైతుకి రెండూ సమానమే. అప్పుడు తను లీడర్‌కి నచ్చింది చేస్తాడనుకుంటే దాన్ని ఆశావాద లెక్క అంటారు. నచ్చనిదే చేస్తాడనుకుంటే నిరాశావాద లెక్క. ప్రభుత్వం ఆశ మీద బడ్జెట్ వెయ్యకూడదు కదా, అందుకే కాస్త ఎక్కువే ఇవ్వాలి.

ఇంకోటి గమనించారా? 4,999కి ఏమీ మారలేదు, రెండు రూపాయలు పెరగగానే మొత్తం మారిపోయింది. ఈ గెంతుల వల్లే కంప్యూటర్లకి కూడా ఈ లెక్కలు కష్టం. పై లెక్క, కింది లెక్క రెండూ సులువైన సరళరేఖ లెక్కలే అయినా, కలిపితే ఎన్‌పీ-హార్డ్ అని 1985లో జెరోస్లో నిరూపించాడు. అంటే సైజు పెరిగే కొద్దీ అన్ని సందర్భాల్లోనూ వేగంగా తేల్చే పద్ధతి ఏదీ ఇప్పటిదాకా లేదు. మామూలుగా చేసేదేంటంటే, "ఫాలోవర్ తనకి బెస్ట్ ఎంచుకున్నాడు" అన్న విషయాన్ని కొన్ని సమీకరణాలుగా రాసి, లీడర్ లెక్కలో షరతులుగా కలిపేస్తారు. రెండంచెలు ఒక అంచె అవుతుంది. అప్పుడు సాఫ్ట్‌వేర్‌కి ఇస్తారు.

ఈ ఆలోచన కొత్తదేం కాదు. జర్మన్ ఆర్థికవేత్త స్టాకెల్‌బర్గ్ 1934లోనే, మార్కెట్లో పెద్ద కంపెనీ ముందు అడుగు వేస్తే చిన్న కంపెనీ దాన్ని చూసి ఎలా కదులుతుందో రాశాడు. 1973లో బ్రాకెన్, మెగిల్ దీన్ని ఆప్టిమైజేషన్ లెక్కగా పెట్టారు. 1977లో కాండ్లర్, నార్టన్ ప్రపంచ బ్యాంకు కోసం అభివృద్ధి విధానాలకి దీన్ని వాడారు. ఇక కాజ టోల్‌గేట్ లాంటి చోట్లు గుర్తు తెచ్చుకోండి. రేటు పెంచితే ఆదాయం పెరగాలి, కానీ మరీ పెంచితే బండ్లు ఊళ్ల దారి పట్టుకుంటాయి. ఈ టోల్ లెక్క మీద 1998లో లబ్బే, మార్కోట్, సవార్డ్ రాసిన పేపర్ చాలా పేరున్నది.

చివరిగా ఒక్క మాట. ఫాలోవర్ అంటే చెప్పింది వినేవాడు అని కాదు. 2011లో కోనసీమ రైతులు సార్వాకి క్రాప్ హాలిడే ప్రకటించారు, అసలు పంటే వెయ్యలేదు. పైవాళ్ల లెక్కలో వరి, మినుములు అని రెండే ఆప్షన్లు ఉంటే, ఈ మూడో ఆప్షన్ ఎక్కడిది? రైతు చేతిలో ఎప్పుడూ ఉన్నదే, లెక్కలో రాయలేదంతే. అందుకే లీడర్ సీట్లో ఎవరున్నా ముందు చెయ్యాల్సింది కింద వాళ్లకి ఏమేం దారులున్నాయో వెళ్లి అడగడం.

ఇప్పుడు మీకో లెక్క. వరి లాభం ఎకరానికి 25 వేలకి పెరిగింది, మిగతావన్నీ అవే. శివారు రైతుని మినుముల వైపు తేవాలంటే బోనస్ కనీసం ఎంత దాటాలి? ఆ బోనస్‌కి అయ్యే ఖర్చు మొత్తం ఎంత? కామెంట్‌లో రాయండి. ఇంట్లో వ్యవసాయం ఉన్నవాళ్లు ఈ ఏడు మీ ఊళ్లో ఏం వేశారో, ఏ మాట నమ్మి వేశారో కూడా రాయండి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటాను మరి.