మీకు తెలుసా? రుచి నాలుక ఒక్కదానిదే కాదు

చిత్తూరు సీమలోని శ్రీ సిటీలో 2016లో మొదలైన మోండెలీజ్ ఫ్యాక్టరీ క్యాడ్‌బరీ చాక్లెట్లు చేస్తుంది. కోకో గింజ అసలు చేదు. పాలు, పంచదార పడ్డాకే పిల్లలు దాని వెంట పడతారు. తీపికి నాలుక చాచడం, చేదుకు మొహం చిట్లించడం పుట్టుకతో వచ్చినవే. అంతవరకే నాలుక పెత్తనం. ఇదే చిత్తూరు సీమలో రాగి సంగటి కథ చూడండి. పొగలు కక్కే ముద్దకు బొటనవేలితో గుంట చేసి, పులుసులో అద్ది, నమలకుండా మింగే ఆ తిండి ఒకప్పుడు కష్టజీవుల కూడు. వరన్నం పండగ మాట. 1983లో ఎన్టీఆర్ ప్రభుత్వం కిలో 2 రూపాయల బియ్యం ఇచ్చాక అన్నం రోజువారీ అయింది, సంగటి నామోషీ అయింది. ఇప్పుడదే సంగటి నాటుకోడి పులుసుతో హోటళ్లలో దర్జాగా అమ్ముడవుతోంది. రాగులు మాత్రం ఆ రాగులే, మారింది వాటి హోదా.

షుగరు భయంతో తింటున్నారు, హోదా కోసం కాదు అనొచ్చు. కొంత నిజమే. కానీ రాగుల్లోని పోషకాలు కూలీ కంచంలోనూ ఉన్నాయి, అప్పుడెవరూ మెచ్చుకోలేదే! మరి ఒకే ఇంట్లో అన్నకు కాకర ఇష్టం, చెల్లెలికి గిట్టదెందుకు? కొన్ని చేదులు ఎంత ఘాటుగా తగులుతాయన్నది జన్యువులను బట్టి ఉంటుంది. అయినా అలవాటు బలం తక్కువది కాదు: పదేపదే ఎదురైనదాన్ని మనసు ఇష్టపడుతుందని మనస్తత్వవేత్త రాబర్ట్ జాయన్స్ 1968లో చూపించాడు. పిల్లలు కాకరకూర వద్దంటే ఒక్కసారికే వదిలేయకండి, మళ్లీ మళ్లీ కొంచెం రుచి చూపించండి.