అటక మీది పెండ్లి క్యాసెట్లు పారేయకండి

విద్యార్థులారా, ఈసారి మీకు ఇంట్లో ఒక పని ఉంది. ముందు సంగతి చెబుతాను.

1998లో షార్జాలో సచిన్ ఆడిన మ్యాచ్ రికార్డు చేద్దామంటే ఖాళీ క్యాసెట్ దొరకలేదు. మా అక్క పెండ్లి క్యాసెట్ పెట్టేశాను. వీడియో టేపు మీద ఉండేది అయస్కాంతపు పూత. కొత్త బొమ్మ ఎక్కితే పాతది చెరిగిపోతుంది, మళ్లీ రాదు. అక్క ఇప్పటికీ దెప్పుతుంది. పెండ్లికి ఫోటోలైనా ఉన్నాయి. కానీ అందులో మా చాల్ గ్యాలరీ, చెక్క మెట్లు, నల్లా కాడ బిందెల లైను, ఎవరితోనో మాట్లాడుతూ నడిచొచ్చే మా నాయన ఉన్నారు. ఆయన నడక ఇంకెక్కడా లేదు.

ఇంటి వీడియోలో తీసినవాడు చూడమన్నది ఒకటి, ఏండ్లు గడిచాక మనం చూసేది ఇంకొకటి. అందుకే ఇట్లాంటి బొమ్మలతోనే కొత్త సినిమా కట్టేవాళ్లున్నారు. హంగేరీలో పీటర్ ఫోర్గాచ్ 1983 నుంచి కుటుంబాల ఫిల్ములు పోగుచేశారు. వాటిని నెమ్మదిగా తిప్పి, ఒక ముఖం దగ్గర ఆపి, పేరు చెబుతారు. 1997 నాటి ‘మేల్‌స్ట్రామ్’లో ఒక డచ్ యూదు కుటుంబం మూటలు సర్దుకుంటూ కనిపిస్తుంది. ఆ ప్రయాణం ఆష్విట్జ్‌కని చూసే మనకు తెలుసు.

మన ముంబైలోనే షైనా ఆనంద్, అశోక్ సుకుమారన్‌ల ‘క్యాంప్’ బృందం 2013లో ‘ఫ్రమ్ గల్ఫ్ టు గల్ఫ్ టు గల్ఫ్’ చేసింది. కచ్ నావికులు చెక్క ఓడల మీద పోతూ ఫోన్లలో తీసుకున్న వీడియోలు అందులో ఉన్నాయి. వాళ్లు పెట్టుకున్న పాటలు కూడా అట్లాగే ఉంచారు.

మరి కామాటిపుర? ఇళ్లు, రోడ్లు కట్టడానికి వచ్చిన మన తెలుగు కామాటీల పేరే దానికి. బయటివాళ్లు తీసిన సినిమాల్లో మాత్రం ఒకటే సంగతి. మన పిల్లలు అడ్రసు చెప్పడానికే జంకుతారు. బతుకమ్మలు, బారసాలలు, గ్యాలరీలో చదువుకున్న పిల్లలు ఉన్నది మన క్యాసెట్లలోనే. పాత బిల్డింగులు ఖాళీ చేసేటప్పుడు ముందు చెత్తలోకి పోయేవీ అవే.

తెల్ల బూజు పట్టిన టేపును వీసీఆర్‌లో పెట్టకండి, టేపూ హెడ్డూ రెండూ పాడవుతాయి. డిజిటల్ చేయించాక తాతనో అమ్మమ్మనో పక్కన కూర్చోబెట్టుకొని చూడండి. మధ్యలో ఆపి అడగండి: ఈమె ఎవరు, ఏ గల్లీ, ఏ ఊరి నుంచి వచ్చారు? నోటుబుక్కులో రాసుకోండి. అందులో ఆడుతున్న ఆడవాళ్లను అడగకుండా వాట్సాప్ స్టేటస్‌లో పెట్టవద్దు, అది ఇంటివాళ్ల కోసం తీసినది. నోటుబుక్కు క్లాస్ టీచరుకు చూపిస్తే చాలు, క్యాసెట్ ఇంట్లోనే ఉంచండి.